శంఖం: ఒక సముద్రపు నత్త కట్టుకున్న ఇల్లు

"శంఖంలో పోస్తేగాని తీర్థం కాదు" అని తెలుగువారి సామెత. దేవతార్చనలో శంఖానికి ఎంతటి స్థానమున్నదో ఈ చిన్న మాటలోనే తెలుస్తున్నది. గుడిలో హారతి వేళ వినిపించే శంఖధ్వని, సంక్రాంతి దినాలలో వాకిట నిలిచి గంట మోగిస్తూ జంగందేవర పూరించే శంఖం, పూజామందిరంలో పీటమీద ఉంచిన చిన్న శంఖం, వీటిని ఎరుగనివారు మనలో అరుదు. అయినా శంఖమంటే ఏమిటని అడిగితే పూజాద్రవ్యమనో, వాద్యమనో చెప్పేవారే ఎక్కువ. అది ఒక ప్రాణి శరీరంలోని భాగమని, ఆ ప్రాణి తాను బ్రతికినంతకాలం దానిని కొద్దికొద్దిగా కట్టుకుంటూ వచ్చిందని, గుల్లలోని ప్రతి వంపుకూ ప్రతి గాడికీ ఆ ప్రాణి జీవితంలో ఒక పని ఉన్నదని ఆలోచించేవారు తక్కువ.

ఈ సంగతి తెలుసుకోవడం వినోదం కోసమే కాదు. "దక్షిణావర్త శంఖం" అనే పేరు విని పెద్దమొత్తాలు పోసి కొని మోసపోతున్నవారు ఉన్నారు. అసలు శంఖం ఎటువంటి ప్రాణిదో, దాని గుల్ల లోపల ఏముంటుందో తెలిసినవారిని ఈ విధంగా మోసగించడం సులభం కాదు. శంఖపు నిర్మాణాన్ని అర్థం చేసుకోవాలంటే ముందు దాని యజమానిని పరిచయం చేసుకోవాలి.

శంఖం ఎవరిది?

ఎముకలు లేని మెత్తని శరీరం గల జంతువులలో మలస్కా అనేది ఒక పెద్ద వర్గం. ఆల్చిప్పలు, నత్తలు, గవ్వలు, ఎనిమిది చేతుల ఆక్టోపస్ ఈ వర్గానికి చెందినవే. వీటిలో పొట్ట కింది భాగమే పాదంగా మారి, దానితో నేలమీద పాకే వాటిని ఉదరపాదులు అంటారు. వానాకాలంలో పెరటి గోడలమీద కనిపించే నత్త ఉదరపాది. శంఖపు ప్రాణి కూడా ఉదరపాదియే. అంటే శంఖం ఒక పెద్ద సముద్రపు నత్త గుల్ల.

సముద్రంలో పెద్ద గుల్లలు కట్టే నత్తలు అనేకం ఉన్నవి. వీటన్నిటిలో పెద్దది ఆస్ట్రేలియా ఉత్తర తీరప్రాంతంలో నివసించే సిరింక్స్ అరువానస్. దాని గుల్ల పొడవు 70 సెంటీమీటర్లను మించుతుంది. మన పూజాశంఖం అంత పెద్దది కాదు. సామాన్యంగా 10 నుంచి 15 సెంటీమీటర్ల పొడవు ఉంటుంది. అంతకు మించి పెరిగేవీ ఉన్నవి. శాస్త్రజ్ఞులు దీనికి పెట్టిన పేరు టర్బినెల్లా పైరమ్. స్వీడన్ దేశపు ప్రకృతి శాస్త్రవేత్త లిన్నేయస్ 1767లో దీనిని వర్ణించి "పైరమ్" అనే పేరు ఇచ్చాడు. లాటిన్ భాషలో ఆ మాటకు బేరిపండు అని అర్థం. ఒక చివర ఉబ్బి, రెండో చివర సన్నబడే ఆకారాన్ని బట్టి ఆ పేరు సరిపోయింది. చాలాకాలం కొందరు శాస్త్రజ్ఞులు దీనిని "జాంకస్" అనే ప్రజాతిలో చేర్చి పిలిచారు. ఆ పేరు మన "శంఖ" శబ్దం నుంచి వచ్చినదే.

ఈ ప్రాణికి ముఖ్యమైన నివాసం హిందూ మహాసముద్రపు ఈ భాగమే. తమిళనాడుకూ శ్రీలంకకూ మధ్యనున్న మన్నారు సింధుశాఖ, పాక్ జలసంధి ప్రాంతాలు దీనికి ప్రసిద్ధి. పడమటి దిక్కున గుజరాత్‌లోని కచ్ సింధుశాఖ తీరంలో కూడ ఇది దొరుకుతుంది. మరీ లోతు లేని చోట, ఇసుకతో నిండిన సముద్రపు అడుగున, సగం ఇసుకలో కూరుకుని ఇది జీవిస్తుంది.

గుల్ల బయటి రూపం

సముద్రం నుంచి అప్పుడే తీసిన శంఖాన్ని చూచినవారు అది శంఖమని నమ్మకపోవచ్చు. పూజామందిరంలోని శంఖం పాలవలె తెల్లగా నున్నగా ఉంటుంది. సజీవంగా ఉన్న శంఖం పైన గోధుమవన్నె గల తోలువంటి పొర కప్పబడి ఉంటుంది. ఈ పొరను గీకి, గుల్లను శుభ్రం చేసి మెరుగుపెట్టిన తరువాతనే లోపలి తెలుపు బయటపడుతుంది.

శంఖాన్ని చేతిలోకి తీసుకుని పరిశీలిస్తే ముఖ్యంగా నాలుగు భాగాలు కనిపిస్తాయి. మొదటిది శిఖరం. ఇది కోసుగా ఉండే చివర. దీని కొసన చిన్న బొడిపె ఉంటుంది. శంఖపు పిల్ల గుడ్డుసంచిలో ఉన్నప్పుడు కట్టుకున్న మొట్టమొదటి ఇల్లు ఆ బొడిపెయే. కాబట్టి శంఖంలో అన్నిటికంటె పాతభాగం శిఖరమే. ఊదడానికి పనికివచ్చే శంఖాలలో కోసివేసేది ఈ కొసనే.

రెండవది చుట్లు. శిఖరం నుంచి బయలుదేరి గుల్ల ఒక ఊహారేఖ చుట్టూ తిరుగుతూ, తిరిగినకొద్దీ వెడల్పు అవుతూ వస్తుంది. అన్నిటికంటె చివర కట్టిన చుట్టు అన్నిటికంటె పెద్దది. మిగిలిన చుట్లన్నీ కలిసినా దానితో సమానం కావు. ప్రాణి శరీరంలో ఎక్కువ భాగం ఉండేది ఆ చివరి చుట్టులోనే.

మూడవది నోరు. ప్రాణి తల, పాదం బయటకు వచ్చే ద్వారమిది. నోటి లోపలి గోడ కొన్నింటిలో లేత గులాబి రంగుగా ఉంటుంది. నాలుగవది గాడి. శిఖరానికి ఎదురుగా రెండవ చివర నోరు సన్నబడి, పొడవైన కాలువవలె ముందుకు సాగుతుంది. అర్చకుడు శంఖంలో నీరు పోసి అభిషేకం చేసినప్పుడు నీరు ధారగా జారేది ఈ గాడి గుండానే. ప్రాణి బ్రతికి ఉన్నప్పుడు కూడ ఇది నీటి దారియే. కాని అప్పుడు నీరు బయటకు పోవడానికి కాదు, లోపలికి రావడానికి. ఆ సంగతి ముందు తెలుస్తుంది.

శంఖాన్ని నిలువునా రంపంతో కోసి చూస్తే ఐదవ భాగం బయటపడుతుంది. చుట్లన్నీ కలిసే చోట, శిఖరం నుంచి గాడి వరకు, మెలితిరిగిన స్తంభం ఒకటి ఉంటుంది. మేడమెట్లు గుండ్రంగా తిరిగే చోట మధ్యనుండే స్తంభంతో దీనిని పోల్చవచ్చు. దీనిని మధ్యస్తంభం అనవచ్చు. నోటిలోకి తొంగిచూస్తే ఈ స్తంభంమీద మూడు లేక నాలుగు బలమైన మడతలు, తాడు పేటలవలె, అడ్డంగా కనిపిస్తాయి. ఈ మడతలను పాఠకులు బాగా గుర్తుంచుకోవాలి. అసలు శంఖాన్ని తెలుసుకొనడానికి ఇవే ఆధారం.

ఇల్లు కట్టే విధానం

మనిషి ఇల్లు కట్టిన తరువాత అందులోకి వెళతాడు. శంఖపు ప్రాణి ఇంటిలో ఉంటూనే ఇల్లు కట్టుకుంటుంది. దానికి పెరుగుతున్నకొద్దీ ఇల్లు మారే అవసరం లేదు. పాత గదులను అట్లాగే ఉంచి, వాకిలి దగ్గర కొత్త గోడ పెంచుకుంటూ పోతుంది.

ఈ పని చేసేది ప్రావారం. ఇది ప్రాణి శరీరాన్ని కప్పి ఉంచే పలుచని కండపొర. దీని అంచు గుల్ల నోటి అంచుకు ఆనుకుని ఉంటుంది. ప్రావారపు కణాలు సముద్రపు నీటి నుంచి, ఆహారం నుంచి లభించిన కాల్షియాన్ని కాల్షియం కార్బనేటుగా మార్చి గుల్లగా పేరుస్తాయి. మనం గోడలకు వేసే సున్నానికి మూలమైన పదార్థం ఇదే. ఈ ఖనిజం ఆరగొనైట్ అనే స్ఫటికాల రూపంలో ఏర్పడుతుంది. అయితే ఒట్టి సున్నమే అయితే గుల్ల సులభంగా పగిలిపోవాలి. సుద్దముక్క చేతిలో విరిగినట్లు విరగాలి. శంఖం అలా విరగదు. దానికి కారణం స్ఫటికాలను పేర్చిన తీరులో ఉన్నది.

గుల్ల గోడలో అతి సన్నని పలకలు వరుసలుగా ఉంటాయి. ఒక వరుసలోని పలకలు ఒకవైపుకు వాలితే పక్క వరుసలోనివి ఎదురువైపుకు వాలుతాయి. ఈ పలకల మధ్య ప్రోటీను జిగురువలె పలుచగా వ్యాపించి ఉంటుంది. గోడలో ఎక్కడైనా పగులు బయలుదేరితే అది తిన్నగా పోలేదు. అడుగడుగునా దారి మారవలసి వస్తుంది. మారినప్పుడల్లా దాని శక్తి తగ్గిపోతుంది. ప్లైవుడ్ పలకలో ఒక పొర నారకు మరొక పొర నార అడ్డంగా ఉండడం వల్ల వచ్చే బలం ఇటువంటిదే. కరిబియన్ సముద్రంలోని రాణి శంఖం అనే పెద్ద నత్తమీద చేసిన పరిశోధనలు ఈ విషయాన్ని స్పష్టం చేసినవి. దాని గుల్లను పగులగొట్టడానికి, అదే ఖనిజపు ముడిరాయిని పగులగొట్టడానికి కావలసిన శక్తికంటె వేయి రెట్ల ప్రమాణంలో ఎక్కువ శక్తి కావాలని 2000 సంవత్సరంలో వెలువడిన ఒక పరిశోధన తెలిపింది. నేడు పగలని పింగాణీలు, తేలికైన కవచాలు తయారు చేయదలచిన ఇంజనీర్లు నత్తగుల్లల నిర్మాణాన్ని శ్రద్ధగా చదువుతున్నారు.

పైనున్న గోధుమవన్నె పొరకు కూడ ప్రయోజనమున్నది. అది ప్రోటీనుతో ఏర్పడిన చర్మం. సముద్రంలో గుల్లలను తొలిచే స్పంజికలు, పురుగులు అనేకం ఉన్నవి. ఈ పొర చెడని చోట అవి తొలచడం కష్టం. పొర అరిగిపోయిన ముసలి శంఖాల గోడలు జల్లెడవలె తూట్లు పడి ఉండడం కద్దు.

లోపలి ప్రాణి

శంఖంలోని ప్రాణిని బయటకు తీస్తే దాని శరీరం కూడ గుల్లవలెనే మెలితిరిగి ఉంటుంది. ముందుభాగంలో బలమైన పాదం ఉంటుంది. పాదపు వెనుక వైపు పైభాగాన గోరు ఆకారంలో గట్టి మూత ఒకటి అతుక్కుని ఉంటుంది. ప్రమాదం తోచినప్పుడు ప్రాణి మొదట తలను, తరువాత పాదాన్ని మడిచి గుల్లలోకి లాగుకుంటుంది. చివరకు వచ్చే ఆ మూత వాకిలికి తలుపుగా బిగుసుకుంటుంది. ఇటువంటి మూతలను ధూపద్రవ్యాలలో వాడే ఆచారం ప్రాచీనకాలం నుంచి అనేక దేశాలలో ఉన్నది. గోరు వంటి ఆకారాన్ని బట్టి మన వైద్యగ్రంథాలు దానిని "నఖి" అన్నవి.

ప్రాణిని లోపలికి లాగే కండరం మధ్యస్తంభానికి అంటుకుని ఉంటుంది. గుల్లకూ ప్రాణికీ గట్టి సంబంధం ఇదొక్కటే. ప్రాణి పెరిగినకొద్దీ ఈ కండరం స్తంభంమీద మెల్లమెల్లగా కిందికి జరుగుతూ వస్తుంది. స్తంభంమీది మడతల మధ్యనున్న పల్లాలలో ఈ కండరం ఇమిడి ఉంటుంది.

తలమీద రెండు స్పర్శశృంగాలు, వాటి మొదట కన్నులు ఉంటాయి. అయితే శంఖానికి లోకం తెలిసేది ముఖ్యంగా వాసన వల్లనే. ప్రావారపు అంచు ఒకచోట మడిచి గొట్టంవలె ముందుకు సాగుతుంది. ఈ గొట్టం గుల్ల గాడిలో ఇమిడి ఉంటుంది. శరీరమంతా ఇసుకలో కూరుకుపోయినా గొట్టపు కొన మాత్రం పైకి నిలిచి స్వచ్ఛమైన నీటిని లోపలికి తీసుకుంటుంది. నీరు ప్రావారం కింద ఉన్న కుహరంలో ప్రవేశించగానే మొదట ఆస్ఫ్రేడియం అనే అవయవాన్ని తాకుతుంది. ఇది నీటి రుచి, వాసన పరీక్షించే పరికరం. ఆ తరువాత నీరు మొప్పమీదుగా ప్రవహిస్తుంది. అక్కడ ప్రాణవాయువు రక్తంలో కలుస్తుంది. పిదప నీరు కుడివైపుకు తిరిగి, మలమూత్రాలను తనతో తీసుకుని బయటకు పోతుంది. తీర్థం జారే గాడి ప్రాణికి ముక్కు, ఊపిరి ఒక్కటైన దారి అని దీని వల్ల తెలుస్తున్నది.

శంఖపు హృదయంలో ఒక కర్ణిక, ఒక జఠరిక మాత్రమే ఉంటాయి. దాని రక్తంలో ప్రాణవాయువును మోసేది ఇనుము గల హీమోగ్లోబిన్ కాదు, రాగి గల హీమోసయనిన్. అందువల్ల ఆ రక్తం ఎర్రగా ఉండదు. గాలి సోకినప్పుడు లేత నీలిరంగు చూపుతుంది. జీర్ణగ్రంథి, బీజాశయం శిఖరం వైపున్న చుట్లలో ఉంటాయి. కాబట్టి శిఖరపు చుట్లు ఖాళీ గదులు కావు.

ఈ ప్రాణి శరీరంలో ఒక వింత ఉన్నది. మొప్ప, మలద్వారం రెండూ తలకు దగ్గరగా, ముందువైపు ఉంటాయి. దీనికి కారణం విమోటనం అనే మెలి. ఉదరపాదులు పిండదశలో ఉండగా తలను, పాదాన్ని అట్లాగే ఉంచి, మిగిలిన శరీరం సుమారు 180 డిగ్రీలు వెనుక నుంచి ముందుకు తిరుగుతుంది. వెనుక ఉండవలసిన కుహరం ముందుకు వస్తుంది. గుల్ల చుట్లు తిరగడం వేరు, శరీరం ఇలా మెలిపడడం వేరు. ఈ రెండూ కలిసిన ఫలితమే శంఖపు ప్రాణి.

ఆహారం, సంతానం

ఇంత గట్టి ఇంటిలో ఉన్నా ఈ ప్రాణి సాధువు కాదు. ఇది మాంసాహారి. ఇసుకలో గొట్టాలు కట్టుకుని నివసించే సముద్రపు పురుగులు దీనికి ముఖ్యాహారం. గొట్టం ద్వారా వచ్చిన నీటిలో ఎర వాసన పట్టి, శంఖం నెమ్మదిగా అటు పాకుతుంది. తలలో దాచి ఉంచుకున్న పొడవైన తుండాన్ని బయటకు చాచి పురుగు ఉన్న బొరియలోకి పంపుతుంది. తుండపు కొసన రాడ్యులా అనే నాలుక ఉంటుంది. దానిమీద పళ్ళు ఆకురాయిమీది గరుకువలె వరుసలు తీరి ఉంటాయి. ముందరి పళ్ళు అరిగినకొద్దీ వెనుక నుంచి కొత్త వరుసలు వస్తూనే ఉంటాయి.

శంఖాలలో ఆడ, మగ వేరువేరు. ఆడశంఖం పెట్టే గుడ్లసంచి చూడదగినది. అది పొట్టేలు కొమ్మువలె వంపు తిరిగి, అడ్డంగా పేర్చిన అనేక గదులతో ఉంటుంది. దాని మొదలు ఇసుకలో పాతుకుని ఉంటుంది. పిండాలు ఆ గదులలోనే పెరుగుతాయి.

చాలా సముద్రపు నత్తల పిల్లలు మొదట కంటికి కనిపించనంత చిన్నవిగా, ఈదే రూపంలో నీటిలోకి వచ్చి, ప్రవాహాలతో దూరదూరాలకు కొట్టుకుపోయి, తరువాత అడుగుకు చేరుతాయి. శంఖపు పిల్లకు అటువంటి ఈదే దశ లేదు. అది గదిలో ఉండగానే చిన్న గుల్ల కట్టుకుని, పూర్తి శంఖరూపంతో బయటకు వచ్చి, పుట్టినచోటనే పాకడం మొదలుపెడుతుంది. శిఖరం కొసనున్న పెద్ద బొడిపె ఈ జీవితచరిత్రకు గుర్తు.

ఈ చిన్న విషయానికి పెద్ద ఫలితమున్నది. ఈదే పిల్లలు గల నత్తలను ఒకచోట ఏరివేసినా, ఇంకొక చోటనుంచి పిల్లలు ప్రవాహంతో వచ్చి ఆ చోటును తిరిగి నింపుతాయి. శంఖాల విషయంలో ఆ అవకాశం లేదు. ఒక ఇసుకమేటలోని శంఖాలన్నిటినీ తీసివేస్తే, ఆ మేట తిరిగి నిండడం కేవలం పాకి వచ్చే శంఖాల మీదనే ఆధారపడుతుంది. అది చాలా నెమ్మదిగా జరిగే పని.

కుడి, ఎడమ

శంఖాలలో అత్యధిక భాగం ఒకేవైపు తిరిగి ఉంటాయి. ఎప్పుడో ఒకటి మాత్రం వ్యతిరేక దిశలో తిరిగినది దొరుకుతుంది. మన సంప్రదాయం దీనినే దక్షిణావర్త శంఖమని, తమిళులు వలంపురి అని పిలుస్తారు. రెండు పేర్లూ కుడివైపు తిరిగినది అనే అర్థం ఇస్తాయి. జంతుశాస్త్ర గ్రంథాలలో మాత్రం ఇదే శంఖాన్ని ఎడమ చుట్టు శంఖం అంటారు. ఈ విరుద్ధం చూచి, శాస్త్రమో సంప్రదాయమో ఏదో ఒకటి పొరబడిందని అనుకునేవారు కలరు. నిజానికి ఎవరూ పొరబడలేదు. తేడా పట్టుకునే తీరులో ఉన్నది.

జంతుశాస్త్రజ్ఞుడు గుల్ల శిఖరాన్ని పైకి ఉంచి, నోరు తనవైపు ఉండేలా పట్టుకుంటాడు. అప్పుడు సాధారణ శంఖపు నోరు కుడిచేతివైపు ఉంటుంది. అందుచేత దానిని కుడి చుట్టు అంటాడు. సంప్రదాయంలో గాడిని పైకి, శిఖరాన్ని కిందికి ఉంచి చూస్తారు. అదే శంఖపు నోరు ఇప్పుడు ఎడమవైపు కనిపిస్తుంది. అందుచేత అది వామావర్తం. అరుదైన శంఖం విషయంలో ఇది తారుమారు అవుతుంది. ఒక మరచీలను తలకిందులు చేసినంత మాత్రాన దాని మరల దిశ మారదు. అట్లాగే శంఖపు దిశ కూడ మారదు, పేరు మాత్రమే మారుతుంది.

అరుదైన శంఖంలో గుల్ల ఒక్కటే కాదు, లోపలి ప్రాణి కూడ అద్దంలో ప్రతిబింబంవలె తారుమారుగా ఉంటుంది. మామూలు శంఖంలో ఎడమవైపు ఉండే మొప్ప ఇందులో కుడివైపు, కుడివైపు ఉండే మలద్వారం ఎడమవైపు ఉంటాయి.

ఈ దిశను నిర్ణయించేది ఏమిటి? ఈ ప్రశ్నకు సమాధానం చెరువు నత్తల వల్ల దొరికింది. 1923లో బాయ్‌కాట్, డైవర్ అనే శాస్త్రజ్ఞులు, అదే సంవత్సరంలో స్టర్టివంట్, లిమ్నియా అనే చెరువు నత్తలలో దిశ వంశపారంపర్యంగా వచ్చే తీరును వివరించారు. పిల్ల ఎటు తిరుగుతుందో నిర్ణయించేది పిల్లలోని జన్యువులు కావు, తల్లిలోని జన్యువులు. తల్లి గుడ్డులో పెట్టి పంపిన పదార్థాలే ఆ పని చేస్తాయి. పిండంలో నాలుగు కణాలు ఎనిమిదిగా విభజన చెందేటప్పుడు పై కణాలు కొద్దిగా ఒక పక్కకు మెలితిరుగుతాయి. ఆ మెలి ఎటు ఉంటే నత్త అటు. 2009లో జపానులో కురోడా, ఆమె సహచరులు ఈ దశలో కణాలను సన్నని గాజుకడ్డీలతో ఎదురువైపుకు నెట్టి, తారుమారైన నత్తలను పెంచారు. 2016లో ఈ దిశకు సంబంధించిన జన్యువు గుర్తించబడింది. 2019లో ఆ జన్యువును పనిచేయకుండా చేయగా కుడి నత్త సంతానంలో ఎడమ నత్తలు పుట్టినవి. ఎనిమిది కణాల పిండంలో జరిగిన చిన్న మెలి పెద్ద గుల్ల ఆకారాన్ని శాసిస్తున్నదన్నమాట.

అసలు, నకిలీ

అరుదైన వస్తువుకు గిరాకీ, గిరాకీ ఉన్నచోట మోసం. అట్లాంటిక్ మహాసముద్రంలో, అమెరికా ఆగ్నేయ తీరంలోను, మెక్సికో సింధుశాఖలోను మెరుపు నత్త అనే పెద్ద నత్త నివసిస్తున్నది. టెక్సాస్ రాష్ట్రం 1987లో దీని గుల్లను తన రాష్ట్ర చిహ్నాలలో ఒకటిగా స్వీకరించింది. ఈ నత్త జాతి స్వభావమే ఎడమ చుట్టు. అందులో అరుదు ఏమీ లేదు. కుడి చుట్టు కలది దొరికితేనే వింత. ఈ గుల్లలే మన దేశానికి వచ్చి, నునుపు చేయబడి, దక్షిణావర్త శంఖాలనే పేరుతో అమ్ముడుపోతున్నవి.

దీనిని గుర్తించడానికి గొప్ప పరికరాలు అక్కరలేదు. గుల్ల నోటిలోకి దీపపు వెలుతురు పడేటట్లు పట్టుకుని మధ్యస్తంభాన్ని చూడాలి. అసలు శంఖమైతే స్తంభంమీద మూడు లేక నాలుగు బలమైన మడతలు స్పష్టంగా కనిపిస్తాయి. వేలితో తడిమినా తెలుస్తాయి. మెరుపు నత్త స్తంభంమీద అటువంటి మడతల వరుస ఉండదు. పైగా దాని గుల్ల పలుచన, గాడి పొడవు, చుట్టు భుజంమీద బుడిపెలు ఉంటాయి. బయటి బుడిపెలను, రంగును అరగదీసి మార్చవచ్చు. లోపలి మడతలను లేనిచోట పుట్టించడం కష్టం. బియ్యంలో పెడితే తిరుగుతుందని, నీటిలో వేస్తే ఎదురు ఈదుతుందని వర్తకులు చెప్పే పరీక్షలకు శాస్త్రంలో ఆధారం లేదు. చెవి దగ్గర పెడితే సముద్రఘోష వినిపించడం కూడ పరీక్ష కాదు. చుట్టూ ఉన్న గాలిలోని సన్నని శబ్దాలలో కొన్నింటిని గుల్ల లోపలి గాలి బిగ్గరగా చేయడం వల్ల ఆ మ్రోత వస్తుంది. ఏ గుల్ల అయినా, చివరకు ఖాళీ చెంబు అయినా అటువంటి మ్రోత ఇస్తుంది.

మనిషి, శంఖం

మన దేశంలో శంఖాన్ని వాడడం చాలా ప్రాచీనం. సింధు నాగరికత కాలంలో, క్రీ.పూ. 2600 నుంచి 1900 వరకు గల దశలో, గుజరాత్ తీరంలోని నాగేశ్వర్ వంటి చోట్ల శంఖాలను కోసి గాజులు చేసే పనివాళ్ళు ఉండేవారు. అక్కడ తవ్వకాలలో కోయగా మిగిలిన మధ్యస్తంభాలు, వలయాలు దొరికినవి. చుట్టు చుట్టుతో కలిసే అతుకు గాజులో ఒకచోట కనిపిస్తుంది. ఆనాటి శిల్పులు సరిగా ఆ చోటనే కోణాకారపు గీతలు చెక్కి, అతుకును అలంకారంగా మార్చారు. బెంగాలులో సుమంగళులు ధరించే శంఖపు గాజులు ఆ వృత్తి ఇంకా సాగుతున్నదనడానికి సాక్ష్యం. వాటికి కావలసిన శంఖాలు చిరకాలంగా తమిళ తీరం నుంచి వెళ్ళేవి. తూత్తుకుడి ప్రాంతపు మునకగాండ్రు ఊపిరి బిగబట్టి దిగి వీటిని ఏరి తెచ్చేవారు. మద్రాసు మత్స్యశాఖలో పనిచేసిన జేమ్స్ హార్నెల్ 1914లో శంఖంమీద ప్రత్యేకంగా ఒక గ్రంథం ప్రకటించి, ఈ పరిశ్రమను, ప్రాణి జీవితాన్ని వర్ణించాడు. చిన్న శంఖాలను తిరిగి సముద్రంలో వదలాలనే నియమం ఆ పరిశ్రమలో ఉండేది.

ఆ నియమం వెనుకనున్న కారణం ఇప్పుడు తేటపడుతుంది. మునిగి చేతితో ఏరేవాడికి చిన్నదీ పెద్దదీ తెలుస్తుంది. సముద్రపు అడుగును ఊడ్చుకుంటూ పోయే యంత్రపు వలకు ఆ భేదం తెలియదు. పుట్టినచోటనే పాకుతూ పెరిగే ప్రాణికి ఇది పెద్ద దెబ్బ. మన్నారు సింధుశాఖలోని 21 దీవులను, వాటి చుట్టూ గల నీటిని 1986లో సముద్ర జాతీయోద్యానంగా ప్రకటించారు. 1989లో ఆ సింధుశాఖ జీవావరణ రక్షితప్రాంతం అయింది. అక్కడ కాపాడుతున్న జీవసంపదలో శంఖం ఒకటి.

శంఖాన్ని పూరించినప్పుడు ఊదేవాడి పెదవుల కదలిక గుల్ల లోపలి గాలిని కదిలిస్తుంది. గొట్టం సన్నగా మొదలై క్రమంగా వెడల్పు కావడం చేత నాదం దూరం వరకు పోతుంది. ఆ గొట్టం ప్రాణి శరీరం కోసం, దాని కొలతకు కట్టుకున్నది. గాలి ప్రవేశించే కొస అది గుడ్డుసంచిలో ఉన్నప్పటి ఇల్లు. గాలి బయటపడే నోరు అది చివరిసారిగా గోడ పెంచిన చోటు. ఒక నత్త జీవితకాలమంతా ఈ రెంటి మధ్య చుట్లుగా నిలిచి ఉన్నది. శంఖాన్ని కొనేవారు దాని నోటిలోని మడతలు చూచి కొంటే మోసపోరు. సముద్రం నుంచి తీసేవారు దాని వయస్సు, పరిమాణం చూచి తీస్తే, ముందు తరాలవారి పూజామందిరాలలో కూడ శంఖానికి కొదువ ఉండదు.